తెర మీది చీర, వాడలోని కోక: పాత సినిమా నటీమణుల అలంకరణపై ఒక దళిత పరిశీలన

సినిమాలో ఆడవాళ్ల బట్టలకి జాతీయ బహుమతి వచ్చిన రెండు సందర్భాలతో ఈ వ్యాసం మొదలుపెడతాం. 1988 సినిమాలకిచ్చిన బహుమతుల్లో బి. నరసింగరావు తీసిన 'దాసి'కి దుస్తుల రూపకల్పన బహుమతి కూడా వచ్చింది. నిజాం కాలపు తెలంగాణలో, దొర గడీలో వెట్టి బతుకు బతికిన కమలాక్షి వొంటి మీది కోక అది. ఆ పాత్ర వేసిన అర్చనకి ఉత్తమ నటి బహుమతి వచ్చింది. సరిగ్గా ముప్పై ఏళ్లకి, 2018 సినిమాల్లో, 'మహానటి'కి అదే దుస్తుల బహుమతి వచ్చింది. సావిత్రి కట్టిన చీరల్ని, తొడిగిన జాకెట్లని మళ్లీ తయారుచేయించి చూపించినందుకు వచ్చిన బహుమతి అది.

'మహానటి' చూసొచ్చిన ఆడపిల్లలు సావిత్రి చీరలాంటి చీర కావాలని అడిగారు. 'దాసి' చూసి కమలాక్షి కోక కావాలని ఎవరూ అడగలేదు. అడుగుతారని మనం అనుకోం కూడా. రెండింటికీ ఒకే బహుమతి గదా, మరి ఒకటి 'ఫ్యాషన్' ఎట్లా అయింది, రెండోది 'వాస్తవికత' ఎట్లా అయింది? అందం అనే మాటలో ఎవరి వొళ్లు ఉంది, ఎవరి వొళ్లు లేదు? మా ప్రశ్న ఇదే.

పాత నటీమణుల అలంకరణ గురించి ఇప్పటిదాకా వచ్చిన రాతలో ఎక్కువ భాగం అభిమానుల రాత. కన్నాంబ గాంభీర్యం, భానుమతి దర్జా, సావిత్రి కళ్లు, జమున జడ, వాణిశ్రీ కొప్పు - ఈ జాబితా అందరికీ కంఠతా వచ్చు. మాకూ వచ్చు. మా అమ్మలు, పెద్దమ్మలు పగలంతా కలుపు తీసి, రాత్రి నేల టిక్కెట్టు కొనుక్కుని చూసిన ముఖాలే అవి. ఆ ఇష్టాన్ని దాచిపెట్టుకుని చరిత్ర రాస్తే అది దొంగ చరిత్ర అవుతుంది. అయితే ఇష్టం దగ్గరే ఆగిపోతే అసలు సంగతి తెలియకుండా పోతుంది. అందుకని చీరని కులం వైపు నుంచి చూస్తాం.

బట్ట కూడా ఒక శాసనమే

ఏ చీర కట్టుకోవాలి, ఎట్లా కట్టుకోవాలి అన్నది అభిరుచికి సంబంధించిన సంగతని పై కులాల వాళ్లు అనుకోగలరు. మాకు ఆ వెసులుబాటు ఎన్నడూ లేదు. తిరువాన్కూరులో నాడార్ స్త్రీలు రొమ్ము మీద బట్ట కప్పుకోవడానికి దశాబ్దాల పాటు దెబ్బలు తిని పోరాడాల్సి వచ్చింది. 1859లో రాజు ప్రకటన ఇచ్చాడు. అప్పుడు కూడా పై కులాల స్త్రీలు కప్పుకున్నట్టు కప్పుకోకూడదనే షరతు పెట్టాడు. అంటే గొడవ సిగ్గు గురించి కాదు, తేడా గురించి. ఎవరు ఎవరో దూరం నుంచే తెలియాలి.

మన పల్లెల్లో అంత ప్రకటన అవసరం పడలేదు. ఊరి చూపే శాసనం. కోక మోకాలికీ పిక్కకీ మధ్య ఉండాలి. రైక ఉంటే ఉంది, లేకపోతే లేదు. మెడలో పూసలు, చేతికి ఇత్తడో కంచో. చెప్పులు ఊరి మొగదల విప్పి చేత పట్టుకోవాలి. ఇందులో ఇంకో వంకర కూడా ఉంది. ఊరికి ముతక బట్ట నేసిచ్చిన వాళ్లలో మాలలు ఉన్నారు. 1909లో అచ్చయిన థర్‌స్టన్ కులాల గ్రంథంలోనే మాలల నేత గురించి ఉంది. ఊరికి చెప్పులు కుట్టిచ్చింది మాదిగలు. నేసినామెకి చాలినంత బట్ట లేదు, కుట్టినామె కాలికి చెప్పు లేదు.

1927 డిసెంబరులో మహద్ సత్యాగ్రహానికి వచ్చిన స్త్రీలతో అంబేడ్కర్ ప్రత్యేకంగా మాట్లాడాడు. ఆయన చెప్పిన వాటిల్లో చీరకట్టు ముఖ్యమైన విషయం. పై కులాల స్త్రీలు కట్టుకున్నట్టు చీర కిందికి కట్టుకోండి, అంటరానివాళ్లని పట్టిచ్చే ఆ కడియాల బరువు తీసిపారేయండి, చిరిగినా సరే శుభ్రమైన బట్ట కట్టండి అన్నాడు. ఆ స్త్రీలు వెంటనే కట్టు మార్చుకున్నారు. మా దృష్టిలో దళిత స్త్రీల ఫ్యాషన్ చరిత్రకి మొదటి పేజీ ఇదే. అక్కడ చీర సోకు కాదు, గుర్తు చెరిపేసుకోవడం. ఈ మాట మనసులో పెట్టుకునే తర్వాత చెప్పే సినిమాలన్నీ చూడాలి.

తెరకు ముందు ఎవరి అందం?

తెలుగు రంగస్థలం మీద ఆడదాని అందానికి కొలత చాలాకాలం మగవాడే. కూచిపూడిలో సత్యభామ జడ వేసుకున్నది బ్రాహ్మణ పురుషుడు. నాటకాల్లో స్థానం నరసింహారావు సత్యభామగా, చింతామణిగా, మధురవాణిగా చీర కడితే చూడ్డానికి జనం విరగబడ్డారు. ఆయన గొప్ప నటుడు, సందేహం లేదు. 1956లో పద్మశ్రీ కూడా వచ్చింది. అయితే ఒక సంగతి గమనించాలి. పైట ఎట్లా సర్దుకోవాలో, నడక ఎట్లా ఉండాలో తెలుగు ఆడవాళ్లకి వేదిక మీద నుంచి చూపించిన వాళ్లలో పై కులాల మగవాళ్లు ముందున్నారు. తర్వాత 'వినాయక చవితి' (1957), 'శ్రీకృష్ణ తులాభారం' (1966) సినిమాల్లో జమున సత్యభామగా జడ విసిరితే, ఆ విసురు వెనక ఈ చరిత్రంతా ఉంది.

1932 ఫిబ్రవరిలో తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' వచ్చింది. అందులో లీలావతి వేసిన సురభి కమలాబాయి నాటక కుటుంబంలో పుట్టిన మనిషి. తొలినాళ్లలో తెర మీదికి వచ్చిన ఆడవాళ్లు చాలామంది ఇట్లా నాటకాల నుంచో, కళావంతుల ఇళ్ల నుంచో వచ్చారు. 'సంసారుల' ఇళ్ల పిల్లలు సినిమాల్లోకి రావడం పరువు తక్కువ అనుకున్న రోజులు. మరి తెర మీది పెళ్లికూతురి అలంకారం ఎక్కడి నుంచి వచ్చింది? పూల జడ, వడ్డాణం, కాసులపేరు, జరీ అంచు పట్టు - ఈ సింగారాన్ని ఒక విద్యగా కాపాడుకుంటూ వచ్చిన వాళ్లు కళావంతులు. 1947లో మద్రాసు రాష్ట్రం దేవదాసీ అంకితాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది. ఆ స్త్రీల వృత్తి పోయింది, ఆడిన ఆట పోయింది, పరువు ఎట్లాగూ ముందే లేదు. వాళ్ల సింగారం మాత్రం ఉండిపోయింది. అది 'మన సంప్రదాయం' అనే పేరు పెట్టుకుని కులీన ఇల్లాలి వొంటి మీదికి ఎక్కింది. సొమ్ము ఒకరిది, సోకు ఇంకొకరిది అన్న సామెత ఊరికే పుట్టలేదు.

1938: కాంచనమాల రెండు వేషాలు

1938లో కాంచనమాల రెండు ముఖ్యమైన సినిమాల్లో కనిపించింది. హెచ్.ఎం. రెడ్డి 'గృహలక్ష్మి'లో సంసారాన్ని చెడగొట్టే మాధురి వేషం. ఇల్లాలి వేషం కన్నాంబది. అదే ఏడు గూడవల్లి రామబ్రహ్మం 'మాలపిల్ల'లో శంపాలత వేషం. కథ చలానిది, మాటలు తాపీ ధర్మారావువి. సినిమా తీసిన సారథి సంస్థ వెనక చల్లపల్లి జమీందారు డబ్బు ఉంది.

'మాలపిల్ల'ని మేం తీసిపారేయం. ఆలయ ప్రవేశం గురించి అంత సూటిగా మాట్లాడటానికి ఆ రోజుల్లో ధైర్యం కావాలి. మరుసటి ఏడే, 1939లో, మద్రాసు ప్రభుత్వం ఆలయ ప్రవేశ చట్టం చేసింది. ఆ గాలిలో పుట్టిన సినిమా అది. కానీ వేషధారణ సంగతి చూడండి. సినిమా మొదటి సగంలో శంపాలత పల్లె పిల్ల. పూజారి కొడుకు ఆమెని ప్రేమిస్తాడు. ఇద్దరూ ఆమె చెల్లెలు అనసూయని తీసుకుని కలకత్తా వెళ్లిపోతారు. అక్కడ చదువు వస్తుంది, చదువుతోపాటు పట్నపు చీరకట్టు వస్తుంది. అంటే మాలపిల్ల మంచి చీర కట్టాలంటే తన ఊరు దాటాలి, తన వాడ దాటాలి, ఏకంగా తన భాష వినపడని చోటికి పోవాలి. కృష్ణా గుంటూరు జిల్లాల్లో ఉంటూనే, మాలపల్లెలో ఉంటూనే ఆమె కాళ్ల దాకా చీర కట్టుకోవడం ఆ సినిమా ఊహకి కూడా అందలేదు. అంబేడ్కర్ మహద్ స్త్రీలకి చెప్పింది ఆ పనే. మీ ఊళ్లోనే, మీ వాడలోనే, రేపటి నుంచే కట్టుకోండి అన్నాడు. సంస్కర్తకీ విమోచకుడికీ తేడా చీర కొంగులో కనిపిస్తుంది.

రెండేళ్ల ముందు 1936లో 'అఛూత్ కన్య'లో దేవికారాణి తీర్చిన కనుబొమలతో అంటరాని పిల్లగా కనిపించి మెప్పు పొందింది. కాంచనమాలకీ మాలపిల్లగా పేరు వచ్చింది. ఇటు నుంచి అటు మారితే ఏమవుతుందో చెప్పడానికి మలయాళ దేశం పోవాలి. అక్కడ 1930 ప్రాంతంలో జె.సి. డేనియల్ తీసిన మూకీ 'విగతకుమారన్'లో పి.కె. రోజీ అనే పులయ స్త్రీ నాయర్ ఇంటి ఆడపడుచుగా వేషం కట్టింది. నాయర్ స్త్రీ బట్ట కట్టి, నాయర్ స్త్రీ నగ పెట్టినందుకు ప్రేక్షకులు తెర మీద రాళ్లు విసిరారు. ఆమె సొంత ఊరు వదిలి పారిపోవాల్సి వచ్చింది. పేరున్న నటి మా వేషం వేసుకుంటే కళ. మేం వాళ్ల వేషం వేసుకుంటే నేరం. తొలి సినిమాల అలంకరణ చరిత్ర ఈ రెండు వాక్యాల మధ్యనే నడిచింది.

1955: చీర మారినా పుట్టుమచ్చ మారదు

సావిత్రి చీరల గురించి మాట్లాడే వాళ్లు 'దేవదాసు' (1953), 'మాయాబజార్' (1957) దగ్గర ఆగుతారు. మేం 1955 దగ్గర ఆగుతాం. ఆ జనవరిలో ఎల్.వి. ప్రసాద్ 'మిస్సమ్మ' వచ్చింది. సావిత్రి మేరీ అయింది. చదువుకున్న క్రైస్తవ పిల్ల, ఉద్యోగం వెతుక్కుంటున్న పిల్ల, అప్పుల్లో ఉన్న ఇంటి పిల్ల. ఆ వేషం చూసి మా వాడల్లో ఎంతమంది ఉలిక్కిపడి ఉంటారో ఊహించండి. మిషను బోర్డింగులో చదువుకుని టీచర్లయిన, నర్సులయిన మా అత్తలూ అక్కలూ అట్లాగే ఉండేవాళ్లు. ఇస్త్రీ చేసిన నూలు చీర, భుజం మీద పిన్ను, నూనె రాసి బిగించి దువ్విన తల, బొట్టు లేని నుదురు. ఊరు 'బోడి నుదురు' అని వెక్కిరించిన ఆ ముఖాన్ని ఒక పెద్ద నటి కథానాయిక ముఖం చేసింది. ఆ మేలు మేం మరిచిపోం.

కానీ కథ ఎటు పోయింది? ఆ ఉద్యోగం రావాలంటే మేరీ ఇంకొకరి భార్యగా, హిందూ ఇల్లాలిగా నటించాలి. చివరికి ఆమె పుట్టుకతో క్రైస్తవురాలే కాదని, చిన్నప్పుడు తప్పిపోయిన జమీందారు కూతురు మహాలక్ష్మి అని తేలుతుంది. తేల్చేది ఏమిటి? కాలి మీది పుట్టుమచ్చ. మాకు ఇక్కడే మనసు గుచ్చుకుంటుంది. మేరీ చదువు, మాట, పాట, పొగరు - వీటన్నిటినీ సినిమా మొదటి నుంచీ ప్రేమగా చూపించింది. చివర్లో మాత్రం అవన్నీ జమీందారు రక్తానివే అయిపోయాయి. మిషను బడి ఇచ్చిన చదువుకి, అప్పులు చేసి పెంచిన పాల్ అనే తండ్రికి దక్కింది ఏమీ లేదు. చీర మార్చుకోవచ్చు, పేరు మార్చుకోవచ్చు, పుట్టుక మాత్రం వొంటి మీదే రాసి ఉంటుందని ఆ నవ్వుల సినిమా నవ్విస్తూనే చెప్పింది. మనుస్మృతి చెప్పింది కూడా అదే గదా.

అదే ఏడు 'కన్యాశుల్కం'లో సావిత్రి మధురవాణి. ఒకే ఏడాదిలో బొట్టు లేని మేరీ, నిండా సింగారించుకున్న మధురవాణి. ఒకరి అలంకారం లేమి వల్ల అనుమానం, ఇంకొకరి అలంకారం ఎక్కువ వల్ల అనుమానం. ఈ రెండు అనుమానాల మధ్య మిగిలిందే 'ఇల్లాలి కట్టు': నిండు పైట, నుదుట గుండ్రటి బొట్టు, మెడలో నల్లపూసలు, తలలో మూర మల్లెపూలు. తెలుగు సినిమా దీనికి 'తెలుగుదనం' అని పేరు పెట్టింది. అది ఏ కులాల తెలుగుదనమో మాత్రం చెప్పలేదు.

బొట్టూ పూలూ ఎంత బరువైనవో 1975లో దాసరి నారాయణరావు తీసిన 'బలిపీఠం' చెబుతుంది. మూలం రంగనాయకమ్మ నవల. జబ్బుతో ఉన్న బ్రాహ్మణ వితంతువు ముత్తైదువుగా చచ్చిపోవాలని కోరుకుంటుంది. ఆ కోరిక తీర్చడానికి దళిత యువకుడు భాస్కర్ తాళి కడతాడు. ఆమె బతుకుతుంది. బతికి, ఏ చేయి తనకి బొట్టూ పూలూ తిరిగి ఇచ్చిందో ఆ చేతి కులాన్నే ఏవగించుకుంటుంది. బ్రాహ్మణ ధర్మం లాక్కున్న అలంకారాన్ని తిరిగి ఇచ్చింది దళితుడు. ఈ ఒక్క సంగతి మీద మన సాహిత్య విమర్శ ఇంకా ఎంతో మాట్లాడాల్సి ఉంది.

వాణిశ్రీ కొప్పు, క్లబ్బు డాన్సరు పేరు

డెబ్బైల్లో వాణిశ్రీ వచ్చింది. 'దసరా బుల్లోడు', 'ప్రేమనగర్' రెండూ 1971లోనే. పైకెత్తి కట్టిన పెద్ద కొప్పు, దాని కోసం సవరం, బిగుతు జాకెట్టు, మెరిసే పల్చటి చీర, కొంగు వదిలేసిన తీరు. 'ప్రేమనగర్'లో ఆమె లత, ఉద్యోగం చేసుకుని బతికే పిల్ల. వాణిశ్రీది పాల తెలుపు కాదు. ఆ ఛాయలోనే అంత దర్జాగా ఉండొచ్చని మా అక్కలకి ఆమె చెప్పకనే చెప్పింది. అప్పటికే నైలాను, వాయిలు చీరలు సంతల్లోకి దిగాయి. పట్టుచీర వారసత్వంగా వచ్చే సొమ్ము, దానికి ఆస్తి కావాలి. నైలాను చీరకి నాలుగు రోజుల కూలి డబ్బు మిగిలితే చాలు. ఫ్యాషన్ మొదటిసారి వాడకి అందింది అక్కడే. అందించిన వాళ్లలో కుట్టుమిషను పెట్టుకున్న దర్జీలు ఉన్నారు. సినిమా చూసొచ్చి, చూసిన జాకెట్టుని గుర్తుపెట్టుకుని కుట్టిన వాళ్ల పేర్లు ఏ చరిత్రలోనూ లేవు. మద్రాసులో ఆ పని చేసిన వాళ్లలో 'కాస్ట్యూమ్స్ కృష్ణ' పేరు మనకి తెలుసంటే, 1991 'భారత్ బంద్' నుంచి ఆయన నటుడిగా కూడా కనిపించడం వల్లే. 2023లో ఆయన చనిపోయే దాకా పనే ఇంటిపేరై నిలిచింది.

ఇదే కాలంలో ఇంకో వేషం కూడా స్థిరపడింది. విజయలలిత, జ్యోతిలక్ష్మి, జయమాలిని వేసిన క్లబ్బు డాన్సర్ల వేషం. ఆ ఆడవాళ్ల కష్టాన్ని మేం తక్కువ చేయం. కానీ ఆ పాత్రలకి పెట్టిన పేర్లు చూడండి: రీటా, లిల్లీ, జూలీ. కథానాయికకి లక్ష్మి, సీత, రాధ. మా ఇళ్లలో బాప్తిస్మం అప్పుడు పెట్టుకున్న పేర్లు సినిమాలో గ్లాసులు అందించే పేర్లయ్యాయి. బడిలో హాజరు పిలిచినప్పుడు వెనక బెంచీలో ఎందుకు కిసుక్కున నవ్వేవాళ్లో ఆ పేరున్న పిల్లకే తెలుసు. బట్ట తక్కువైన వొళ్లు ఒకప్పుడు మా మీద రుద్దిన శాసనం. అదే తెర మీద మా పేరుతో నీతి తక్కువతనం అయింది.

అనుకరణా, ఆత్మగౌరవమా?

వాడ ఆడపిల్ల సావిత్రిలా బొట్టు పెట్టుకుంటే, వాణిశ్రీలా కొప్పు కడితే దాన్ని ఏమనాలి? సమాజశాస్త్రం 'సంస్కృతీకరణ' అంటుంది. కింది కులం పై కులాన్ని అనుకరించడం అని అర్థం. మన కవుల్లో కొందరు మగవాళ్లు 'సినిమా పిచ్చి' అన్నారు. మేం రెండూ ఒప్పుకోం. అనుకరణే అయితే ఊరికి కోపం ఎందుకు రావాలి? తనని పొగిడిన వాడి మీద ఎవరికైనా కోపం వస్తుందా? కొత్త చీర కట్టుకుని ఊళ్లోంచి నడిచిన మా పిల్లని 'ఏమే సావిత్రీ, ఎక్కడికే' అని పిలిచింది మెచ్చుకోలుగా కాదు. తేడా చెరిగిపోతోందన్న భయంతో. మహద్‌లో ఆ స్త్రీలు కట్టు మార్చుకున్నప్పుడు పుట్టిన భయమే అది.

ఆ భయం ఎంత దూరం పోతుందో 1991లో చూశాం. గుంటూరు జిల్లా చుండూరులో గొడవ పొలం గట్టు మీద మొదలవలేదు. సినిమా హాల్లో మొదలైంది. జులైలో ఒక దళిత యువకుడి కాలు రెడ్డి యువకుడికి తగిలిందన్న మాట మీద మొదలై, ఆగస్టు 6న ఎనిమిది మంది దళితుల హత్యల దాకా పోయింది. నేల టిక్కెట్టు దాటి వచ్చి, మంచి బట్ట కట్టుకుని, కాలు చాపుకుని పక్కపక్కన కూర్చున్న దళితుడిని ఊరు భరించలేకపోయింది. 2007లో ప్రత్యేక కోర్టు శిక్షలు వేసింది, 2014లో హైకోర్టు కొట్టేసింది. సినిమా అలంకరణ చరిత్రలో ఈ మాట ఎందుకని ఎవరైనా అడగొచ్చు. తెర మీద ఎవరు ఏం కట్టుకున్నారో రాసే చరిత్ర, తెర ముందు ఎవరు ఏం కట్టుకుని ఎక్కడ కూర్చోగలిగారో కూడా రాయాలి. లేకపోతే అది సగం చరిత్రే.

మళ్లీ ఆ రెండు బహుమతుల దగ్గరికి వస్తాం. 'దాసి' కోకకి బహుమతి రావడం న్యాయం. కానీ మా ఆడవాళ్లు కమలాక్షి కోక దగ్గర ఆగిపోలేదు. ఆ కోక నుంచి నూలు చీరకి, నూలు చీర నుంచి నైలానుకి, బోడి నుదుటి నుంచి తమకిష్టమైన బొట్టుకో, బొట్టు లేకపోవడానికో నడిచారు. ఆ నడకకి ఏ సినిమాలోనూ వేషం లేదు, బహుమతి లేదు. ఆనవాళ్లు మాత్రం ఉన్నాయి. మా ఇళ్లలో ట్రంకు పెట్టెల అడుగున స్టూడియో ఫోటోలు ఉన్నాయి. వెనక రంగులేసిన తెర, పక్కన ప్లాస్టిక్ పూలకుండీ, అరువు తెచ్చుకున్న చేతి గడియారం, సావిత్రిలా కాస్త వోరగా తిప్పిన మెడ. బహుశా ఆ పిల్ల మరునాడు నాట్లకి పోయి ఉంటుంది. ఆ ఒక్క గంట మాత్రం ఆమెని చూసి ఎవరూ కులం చెప్పలేరు. ఆ గంట కోసమే ఆమె డబ్బు కట్టింది.

ఆ ఫోటోలు చెదలు పట్టకముందే తీయండి. ఎవరిది, ఏ ఊరు, ఏ ఏడు, జాకెట్టు కుట్టింది ఎవరు, చీర కొన్న డబ్బు ఏ కూలిది అని అడగండి. చెప్పగలిగిన వాళ్లు ఇంకా కొందరు ఉన్నారు. మన అలంకరణ చరిత్ర అక్కడి నుంచి రాసుకుందాం.